పావురొట్టె పుట్టుపూర్వోత్తరాలు

మన తెలుగు ఇళ్ళలో రొట్టె అనే మాటకు అర్థాలు చాలా ఉన్నాయి. తెలంగాణంలోను రాయలసీమలోను జొన్నరొట్టె, సజ్జరొట్టె. కోస్తా జిల్లాలలో మినప్పిండితో కాల్చే దిబ్బరొట్టె. ఇవి గాక బజారునుండి కొనితెచ్చుకునే మెత్తని తెల్లరొట్టె ఒకటున్నది. హైదరాబాదువారు దానిని డబల్ రొట్టె అని పిలిచి, నేతిలో వేయించి, పాలూ పంచదారా పట్టించి విందులలో వడ్డించారు గాని, తక్కిన తెలుగుదేశంలో మన పెద్దలు దానిని చాలాకాలం ఆహారంగానే లెక్కించలేదు. జ్వరపడి లేచినవారికి పాలూ రొట్టే పెట్టమని వైద్యుడు చెబితే, అప్పుడు మాత్రమే అది గుమ్మం దాటి లోపలికి వచ్చేది. ఒంట్లో బాగున్నవాడు రొట్టె తింటూ కనిపిస్తే "ఏం, జ్వరమా?" అని పలకరించేవారు.

పడమటి సముద్రతీరాన, గోవాలో, సంగతి వేరు. అక్కడ ఆ రొట్టె నిత్యాహారం. తెల్లవారగానే ఒకసారి, పొద్దు వాలే వేళ మరొకసారి రొట్టెలవాడు వీథిలోకి వస్తాడు. మేడ ముందూ ఆగుతాడు, జాలరి గుడిసె ముందూ ఆగుతాడు. క్రైస్తవుల ఇల్లనీ హిందువుల ఇల్లనీ చూడడు. అయితే ఈ సమదృష్టి మొదటినుండీ ఉన్నది కాదు. మూడు శతాబ్దాలకు పైగా ఆ రొట్టెముక్క మనిషినుండి మనిషిని వేరుచేసింది. ఎవరు తిన్నారు, ఎవరు ముట్టుకున్నారు అనే ప్రశ్నమీద కుటుంబాలు చీలిపోయాయి. అటువంటి వస్తువు అందరి పళ్ళెంలోకి ఎట్లా వచ్చిందో ఈ పూట చెప్పుకుందాము.

ముందు పేరు సంగతి. బొంబాయిలో దీనిని పావ్ అంటారు. మనకు పావు అంటే నాలుగవ వంతు: పావుశేరు, పావుగంట, పావలా. రొట్టెలు ఒకదానికొకటి అంటుకొని పలకగా కాలి వస్తాయి గనుక, నాలుగింటిలో ఒకటి పావు అయిందని కొందరు వ్యాఖ్యానం చెప్పారు. హిందీలో పాఁవ్ అంటే పాదం. కనుక పిండిని కాళ్ళతో తొక్కి కలుపుతారనీ, అందుచేత ఆ పేరు వచ్చిందనీ మరికొందరు చెప్పారు. ఈ రెండవ వ్యాఖ్యానంలో భాషాశాస్త్రం పాలు తక్కువ, ఏవగింపు పాలు ఎక్కువ. అసలు ఆ మాట పోర్చుగీసు భాషలోనిది. రొట్టెను వారు ముక్కుతో పలికే పావ్ అనే శబ్దంతో పిలుస్తారు. లాటిన్ లోని పానిస్ దానికి మూలం. వారి ఓడలు లంగరు వేసిన రేవులలో ఈ మాట కూడ దిగింది. బెంగాలీలు పావురుటి అంటారు, సింహళంలో పాన్, జపానులో కూడ పాన్. మనమేమీ మినహాయింపు కాదు. మన ఇంటిలోని అలమారా, తువాలు, చొక్కా బొత్తాము, పీపా, గోడ కట్టే మేస్త్రి, అనాసపండు, ఇవన్నీ పోర్చుగీసు మాటల సంతతే. మాటలను తెచ్చుకున్నంత సులభంగా మనం రొట్టెను తెచ్చుకోలేదు, అంతే.

1510వ సంవత్సరం నవంబరు 25వ తేదీన అల్బుకెర్కు బీజాపూరు సుల్తానుల చేతినుండి గోవాను గెలుచుకున్నాడు. ఆనాటినుండి 1961 డిసెంబరు 19వ తేదీ వరకు, నాలుగున్నర శతాబ్దాలు, ఆ గడ్డమీద పోర్చుగీసు జెండా ఎగిరింది. గోవా వరిపండే దేశం. అక్కడివారి భోజనం ఉప్పుడుబియ్యపు అన్నం, చేపల పులుసు. పొద్దెక్కిన తరువాత గంజి. గోధుమ ఆ నేలలో పండదు. వచ్చిన సైనికులకూ, గుమాస్తాలకూ, ఫాదరీలకూ ఆ అన్నం సయించలేదు. రొట్టె లేని భోజనం వారికి భోజనంగా తోచలేదు. గోధుమలు ఉత్తరాది రేవులనుండి ఓడలలో వచ్చేవి. ఆ చిక్కు డబ్బుతో తీరింది.

తీరని చిక్కు మరొకటి ఉన్నది: పిండి పొంగాలి గదా! ఈ సందర్భంలో సాధారణంగా చెప్పే మాట ఒకటి నాకు సరిగా తోచదు. చర్చిలో దివ్యపూజకు రొట్టె అవసరమై, దానికోసం పులియబెట్టే సాధనం వెదికారని అంటారు. కాని రోమను కథోలికుల దివ్యపూజలో వాడే అప్పం పులియని పిండితో చేసినదే. దానికి గోధుమపిండీ నీళ్ళూ ఉంటే చాలు. కనుక పులుపు వెదికినది దేవునికోసం కాదు, దొరల అల్పాహారంకోసం. ఐరోపాలో రొట్టె చేసేవారు ముందునాటి పిండిముద్దను కొంత మిగిల్చి కొత్తపిండిలో కలిపేవారు. లేదా మద్యం కాచేవారి దగ్గర తేరుకున్న నురుగును తెచ్చుకునేవారు. ఇక్కడ బార్లీ మద్యం కాచేవారు లేరు. ఉక్కపోసే ఈ తీరదేశంలో పిండిముద్ద దాచిపెడితే ఏమవుతుందో వేసవిలో దోసెపిండి నిలవ చేసిన గృహిణులందరికీ తెలుసు.

అప్పుడు వారి కన్ను కొబ్బరిచెట్టుమీద పడింది. కొబ్బరి ఇంకా విచ్చుకోని పూపొత్తిని కట్టి, కొన కోసి, కుండ తగిలిస్తే తియ్యని రసం చుక్కచుక్కగా దిగుతుంది. దానిని కొంకణిలో సూర్ అంటారు. మన మాటలో కొబ్బరికల్లు. కల్లు గీసేవాణ్ణి అక్కడ రెందేర్ అంటారు. తెల్లవారుజామున దించినప్పుడు తియ్యగా ఉండే ఆ రసం, ఎండ ఎక్కేసరికి నురగలు కట్టి, సాయంత్రానికి పులిసి ఘాటెక్కుతుంది. ఎవరూ ఏదీ కలపనక్కర లేదు. గాలిలోను, కుండలోను ఉన్న ఈస్టు అనే సూక్ష్మజీవులు రసంలోని చక్కెరను తిని, ఒకవైపు మద్యసారాన్నీ మరొకవైపు బొగ్గుపులుసు వాయువునూ పుట్టిస్తాయి. ఆ కల్లును గోధుమపిండిలో పోసి మర్దించి ఉంచితే అదే పని పిండిలో సాగుతుంది. గోధుమకు గ్లూటెన్ అనే జిగురు ఉన్నది. ఎంత పిసికితే అంత సాగి, పుట్టిన వాయువును లోపలే బంధిస్తుంది. ముద్ద ఉబ్బుతుంది. మద్యసారం పొయ్యి వేడికి ఆవిరైపోతుంది. వరిపిండికి ఆ జిగురు లేదు. మనం ఇడ్లీకి మినప్పప్పు చేర్చుకునేది అందుకే. కల్లుతో వరిపిండిని పులియబెట్టి ఆవిరిమీద ఉడికించే సన్నాలు గోవాలో పండుగ పిండివంట. కేరళలో అప్పాలపిండికీ కల్లు పోస్తారు. చెట్టునుండి పులుపు తెచ్చుకోవడం ఈ తీరానికంతటికీ తెలిసిన విద్య. గోధుమ ఒక్కటే కొత్త.

ఇది గమనించిన తరువాత ఆ రొట్టెను పోర్చుగీసు రొట్టె అనడానికి నాకు నోరు రాదు. పిండి ఉత్తరాదిది, పొంగు గోవా కొబ్బరిచెట్టుది, చేతులు అక్కడి కుటుంబాలవి. పేరు మాత్రం లిస్బనుది.

ఆ చేతుల సంగతి చూద్దాము. గోవాకు దక్షిణాన సాష్టి అనే తాలూకా ఉన్నది. 1543లో అది పోర్చుగీసువారి వశమైంది. అక్కడ మతప్రచారం జెసూట్ సంఘంవారి పాలికి వచ్చింది. ఆ తాలూకాలో, సముద్రం ఒడ్డున, మజోర్డా అనే గ్రామం ఉన్నది. కొత్తగా క్రైస్తవం పుచ్చుకున్న ఆ ఊరివారికి ఫాదరీలు రొట్టె కాల్చే విద్య నేర్పారనీ, అక్కడినుండే అది గోవా అంతటా వ్యాపించిందనీ తరతరాలుగా చెప్పుకుంటున్నారు. రొట్టెవాణ్ణి పోర్చుగీసులో పాదేయిరో అంటారు. కొంకణి నోటిలో అది పొదేర్ అయింది. పొదేర్ అంటే ఒక వృత్తి, ఒక ఇంటి పరువు కూడ. పెద్దకొడుకుకు పొయ్యి అప్పగించి తండ్రి పక్కకు తప్పుకునేవాడు.

ఆ పొయ్యి మన వంటింటి పొయ్యి వంటిది కాదు. గుమ్మటంలాగ కట్టిన పెద్ద గూడు. అందులో కట్టెలు వేసి గంటల తరబడి మండించి, గోడలూ నేలా బాగా కాలిన తరువాత నిప్పులు పక్కకు లాగి, నేల తుడిచి, పొడుగుపాటి కర్రచేటతో రొట్టెముద్దలను లోపలికి జార్చుతారు. మంట కాదు, గోడలు దాచుకున్న వేడి వాటిని కాల్చుతుంది. వేడి సరిపోయిందా లేదా అన్నది పొదేర్ తన ముంజేతికి తగిలే సెగతో తెలుసుకునేవాడు. పని రాత్రంతా సాగుతుంది. ఊరు లేచేసరికి బుట్ట నిండాలి.

బుట్టలో ఏమేమి ఉంటాయో చెబితే తెలుగు శ్రోతలకు ఒక చిన్న ఆశ్చర్యం కలుగుతుంది. గుండ్రంగా, పైపెచ్చు గట్టిగా ఉండేది ఉండో. మన ఉండ, కన్నడంలో ఉండె గుర్తుకు రాక మానవు. పిండిముద్దను కత్తెరతో చీల్చి సీతాకోకచిలుక రెక్కల్లాగ విప్పి కాల్చినది కాత్రెచొ పావ్. ఆ కాతర్ మన కత్తెరే. గాజులాగ వలయంగా చుట్టి కరకరలాడేటట్టు ఎండగాల్చినది కాంకొణ్, అంటే కంకణం. చేసినవారు నేర్చుకున్నది పరదేశి విద్యే అయినా, చేసినదానికి పేరు పెట్టేటప్పుడు తమ ఇంటి మాటలే వాడారు. మెత్తగా, పలకలుగా, జంటజంటలుగా విరుచుకునేది పావ్. ఇక పొయ్ అని ఒకటున్నది. మన పొయ్యికీ దానికీ చుట్టరికం లేదు. తవుడుతో కూడిన గోధుమపిండితో బల్లపరుపుగా చేస్తారు. కాలేటప్పుడు పైపొరా కిందిపొరా విడిపోయి మధ్య సంచిలాగ బోలుగా ఏర్పడుతుంది. అందులో కూర నింపుకొని తినవచ్చు. రుచిలోను బలంలోను నా ఓటు దీనికే. ఈ మధ్య కొన్నిచోట్ల మైదాతోనే చేసి పైన కాస్త తవుడు చల్లి పొయ్ అని అమ్ముతున్నారని గోవావాసులు గొణుగుతారు. ఆ గొణుగుడు న్యాయమైనదే.

వెనుకటి రోజులలో పొదేర్ చేతిలో గలగలలాడే వెదురుకర్ర ఉండేది. ఆ చప్పుడే అతని రాకకు గుర్తు. లూసియో రోడ్రిగ్స్ ఈ రొట్టెలవాణ్ణిగురించి ఆంగ్లంలో ఒక వ్యాసం వ్రాశాడు. కేంద్రీయ బోర్డు పాఠశాలల పదవ తరగతి పాఠ్యపుస్తకంలో అది చేరింది గనుక, మీ ఇళ్ళలోని పిల్లలు కొందరు చదివే ఉంటారు. తరువాత వెదురుకర్ర పోయి సైకిలూ, రబ్బరుబూరా వచ్చాయి.

ఇప్పుడు ఇందాక చెప్పిన విడదీసే కథ. గోవాలో 1560నుండి 1812వరకు, మధ్యలో కొద్దికాలం తప్ప, మతవిచారణ న్యాయస్థానం నడిచింది. మతం మారినవాడు పాత ఆచారం వదిలాడా లేదా అన్నది అతని వంటింటిలో వెదికేవారు. ఉప్పు వేయకుండ అన్నం వండుకోవడం హిందువుల అలవాటు గనుక కొత్త క్రైస్తవులు అట్లా వండరాదని 1736లో వెలువడిన శాసనంలో ఉన్నది. ఇంత జరిగినచోట అవతలిపక్షం కూడ తిండినే సరిహద్దురాయిగా పాతుకున్నది. రొట్టె క్రైస్తవుడు చేసినది, పులిసినది, పైగా కల్లు పోసి చేసినది. ఆచారవంతుల దృష్టిలో ఇది మూడింతల నిషేధం. రాత్రివేళ ఊరబావిలో రొట్టెముక్క వేసి, తెల్లవారి ఆ నీళ్ళు తాగినవారందరూ మతభ్రష్టులైనారని ప్రకటించేవారని కొంకణతీరమంతటా ఒక కథ చెప్పుకుంటారు. ఎన్ని బావులలో వేశారో, అసలు వేశారో లేదో అటుంచి, ఆ కథను జనం నమ్మారన్నది ముఖ్యం. ఒక రొట్టెముక్కకు ఊరిని ఊరినే వెలివేయించే శక్తి ఉన్నదని నమ్మితేనే గదా అటువంటి కథ పుడుతుంది!

ఆ నమ్మకాన్నే ఆయుధంగా తిప్పినవారు కూడ ఉన్నారు. 1849లో బొంబాయిలో దాదోబా పాండురంగ మొదలైన విద్యావంతులు పరమహంస మండలి అనే రహస్యసంఘాన్ని స్థాపించారు. కులభేదాలను త్రోసిపుచ్చడం వారి ఆశయం. సంఘంలో చేరదలచినవాడు క్రైస్తవుడు కాల్చిన రొట్టెముక్కను అందరి ఎదుట తినాలి. అది ప్రవేశపరీక్ష! ఉపన్యాసాలు ఎన్నైనా ఇవ్వవచ్చు. రొట్టెముక్క మింగడం కష్టమని వారికి తెలుసు. కాని మింగినవారికి కూడ ఆ సంగతి ఇంటిలో చెప్పే ధైర్యం చాలలేదు. 1860 ప్రాంతంలో సభ్యుల పట్టిక ఎవరో దొంగిలించగా, గుట్టు బయటపడుతుందన్న భయంతో సంఘమే చెదిరిపోయింది. 1890లో పూనాలోని పంచహౌద్ మిషనులో తేనీరూ బిస్కట్లూ ఇచ్చిన సభకు రానడే, తిలక్ వంటివారు హాజరైనందుకు ఎంత రభస జరిగిందో చరిత్ర చదివినవారికి తెలుసు. వివాదం శంకరాచార్యపీఠం దాకా వెళ్ళింది. రానడే అంతటివాడు ప్రాయశ్చిత్తం చేసుకోవలసివచ్చింది.

మరి ఈ గోడ ఎక్కడ కూలింది? నాకు తోచినంతవరకు సభలలో కాదు, బొంబాయి మిల్లుల గేట్లముందు. పందొమ్మిదవ శతాబ్దంలో గోవానుండి వంటవాళ్ళు, వాద్యకారులు, ఓడకళాసీలు బొంబాయికి వెళ్ళినట్టే రొట్టె కాల్చేవారూ వెళ్ళారు. తరువాత ఇరానునుండి వచ్చినవారు హోటళ్ళూ బేకరీలూ పెట్టారు. నూలుమిల్లులలో పగలూ రాత్రీ వంతులవారీ పని. భార్యాబిడ్డలను ఊళ్ళో వదలి, ఒక గదిలో పదిమంది తలదాచుకునే కూలివానికి రెండుపూటలా వండుకునే తీరిక ఎక్కడిది? పావ్ చవక, వండనక్కర లేదు, చేతిలో పట్టుకొని నడుస్తూ తినవచ్చు. ఆ కూలీలలో తెలంగాణంనుండి వలస వెళ్ళిన మన పద్మశాలీలు కూడ ఎందరో ఉన్నారు. బొంబాయిలో కామాఠీపురా అనే పేట పేరు కూడ నిజాం రాజ్యంనుండి వెళ్ళి ఇళ్ళు కట్టిన కూలీలనుబట్టి వచ్చిందే. కూరగాయలన్నీ కలిపి మెదిపిన భాజీ ఆ పావ్‌తో చేరింది. 1966లో దాదరు స్టేషను వెలుపల అశోక్ వైద్య అనే ఆయన బంగాళాదుంప వడను పావ్ మధ్య పెట్టి అమ్మడం మొదలుపెట్టాడంటారు. 1982 జనవరిలో మొదలైన మిల్లుల సమ్మె తరువాత పనులు పోయినవారిలో పలువురు వడాపావ్ బండ్లు పెట్టుకొని సంసారాలు ఈదారు. ఇప్పుడు మహారాష్ట్రలో వడాపావ్ తినేవాణ్ణి నీ కులమేమిటని అడిగేవారు లేరు. గోవాలో కూడ హిందువుల ఫలహారశాలలలో ఉదయం మొట్టమొదట అమ్ముడయ్యేది భాజీ-పావే.

అందరిదీ అయిన తరువాత, చేసేవారు కరవవుతున్నారు. పొదేర్ కొడుకులు చదువుకున్నారు. ఓడలమీదికీ, గల్ఫుదేశాలకూ, పోర్చుగల్, ఇంగ్లండులకూ వెళ్ళారు. రాత్రంతా సెగముందు నిలబడే పనికి వారిని తిరిగి రమ్మనడం ఎవరికీ తగదు. చాలా పొయ్యిలు కౌలుకు పోయాయి. వాటిముందు ఇప్పుడు నిలబడుతున్నవారిలో కర్ణాటకనుండి వచ్చిన కూలీలు ఎక్కువ. నేను దీనిని తప్పుపట్టను. మజోర్డా గ్రామస్థులకు మాత్రం ఆ విద్య పుట్టుకతో వచ్చిందా? ఒకరు నేర్పితే నేర్చుకున్నారు.

నాకు చింత కలిగించేది కల్లు సంగతి. చెట్టెక్కే రెందేర్లు ఏటేటా తగ్గిపోతున్నారు. దించిన కొద్దిపాటి కల్లుకు తాగేవారూ, ఫెనీ కాచేవారూ, సిర్కా చేసేవారూ పోటీ పడతారు. పొట్లంలో దొరికే ఈస్టు ఎప్పుడూ ఒకే తీరుగా, త్వరగా పని చేస్తుంది. కల్లు వానకు ఒక తీరు, ఎండకు ఒక తీరు. వ్యాపారం చేసేవాడు ఏది ఎంచుకుంటాడో వేరే చెప్పనక్కర లేదు. కనుక గోవా రొట్టెలో ఇప్పుడు కల్లు అరుదు. 2016లో గోవా ప్రభుత్వం వృక్షసంరక్షణ చట్టం సవరించి, కొబ్బరి చెట్టు కాదు పొమ్మన్నది. ఆ సవరణతో కొబ్బరిచెట్టును కొట్టడానికి అనుమతి అక్కర లేకుండ పోయింది. పెద్ద గగ్గోలు బయలుదేరగా, 2017లో మళ్ళీ దానిని చెట్టుగా ఒప్పుకున్నారు. చెట్లు మిగిలాయి. ఎక్కేవారు మిగలాలి.

పండుగలకు సన్నాలు పోసే గృహిణులు మాత్రం ఇప్పటికీ ఈస్టుపొట్లంతో సరిపెట్టుకోక, రెండుమూడు రోజుల ముందుగానే ఊరి రెందేర్‌కు కబురుపెట్టి, ఒక సీసాడు కల్లు తమకని చెప్పి ఉంచుకుంటారు. కొందరు పొదేర్లు కూడ ఆ సీసాకోసం ఆ గుమ్మం దగ్గరే కాచుకొని ఉంటారు.